చికావా

జనవరి 30

వెలుతురు తగ్గింది, పేక దారం రంగు తెలియడం లేదు. మగ్గం ఆపి ఇది రాస్తున్నాను.

మధ్యాహ్నం కోడలు ఇరాయిస్‌కి నొప్పులు వచ్చాయి. నెలలు నిండలేదు, ఇంకా రెండు నెలలు ఉంది. మా వాడు వెన్సెస్లావో ఆమెను టాక్సీలో ప్వేబ్లా ఆస్పత్రికి తీసుకెళ్ళాడు. వాళ్ళ వెనకే వియ్యంకుడు ఒదిలోన్ వ్యాన్ తీసుకొచ్చి మా గుమ్మం ముందు ఆపాడు. పంతులు ఉద్యోగం మానేసి ఎన్నేళ్ళయినా హారన్ మాత్రం బడిగంట కొట్టినట్టే కొడతాడు.

"ఎక్కండి బావగారూ, ఇద్దరికీ చోటుంది."

"మీరు పదండి. గొంగడి సగంలో ఉంది. పొద్దున్నే బస్సులో వచ్చేస్తాను."

మా ఆవిడ అగ్రిపీనా నన్ను ఒక చూపు చూసింది. తర్వాత శాలువా కప్పుకుని వెళ్ళి ముందు సీట్లో అతని పక్కన కూర్చుంది. ఇన్నేళ్ళ కాపురంలో నాకు వ్యాన్ లేదన్న సంగతి ఆమె తలుపు వేసిన తీరులో వినిపించింది.

గొంగడి నిజంగానే సగంలో ఉంది. దానికి తొందరేం లేదు, అది వేరే విషయం.

జనవరి 31

మగపిల్లాడు.

గాజు పెట్టెలో పెట్టారు. నేను వెళ్ళేసరికి లోపల ఒదిలోన్ ఉన్నాడు, నీలం గౌను వేసుకుని, నెత్తికి సంచిలాంటి టోపీ తగిలించుకుని. తల్లీతండ్రీ కాక ఇంకొక్క మనిషినే లోపలికి రానిస్తారట. ఆ ఒక్కరూ నిన్ననే చేరిపోయారు. నేను కిటికీ బయట నిలబడి చూశాను. గొట్టాలు, పట్టీలు, వాటి మధ్య ఎక్కడో ఒక పాదం. నా బొటనవేలంత.

పెట్టెకి అంటించిన కాగితం మీద పెద్ద అక్షరాలతో ఏదో రాసి ఉంది. కళ్ళజోడు తుడుచుకుని మళ్ళీ చదివాను. చికావా.

"అదేంటిరా?" అని వెన్సెస్‌ని అడిగాను.

"పేరు నాన్నా."

"ఎవరి పేరు?"

"వాడిదే. నిన్న ఊపిరందక నీలంగా అయిపోయాడు. డాక్టర్లు వాళ్ళ పనిలో వాళ్ళున్నారు. మావయ్యగారు గాజుకి నోరు ఆనించి చికావా, చికావా అంటూనే ఉన్నారు. నర్సు పిల్లాడి పేరేమో అనుకుని రాసేసింది. తర్వాత మేం చెరపలేదు. చెరపబుద్ధి కాలేదు."

ఆ మాట నాకు తెలీదా. మొక్కజొన్న మొలకకి మన్ను ఎగదోస్తూ మా అమ్మ అనేది. జ్వరమొస్తే నుదుటి మీద చెయ్యి పెట్టి అనేది. గట్టిపడు, బలం పుంజుకో అని. మా మాట అది, స్పానిష్‌ది కాదు, మా పల్లె పాత భాషది. ఎవరైనా అనొచ్చు. నేనూ అనగలిగేవాణ్ణి, వ్యాన్ ఎక్కి ఉంటే.

పిల్లాడు బతికాడు. అది కదా ముఖ్యం.

ఫిబ్రవరి 1

నాకు అసూయేమీ లేదు.

ఫిబ్రవరి 2

కొవ్వొత్తుల పండగ. అగ్రిపీనా ఆస్పత్రి నుంచి వచ్చి మొక్కజొన్న పిండి తమాల్ పొట్లాలు ఆవిరికి పెట్టింది. తింటూ విషయం కదిపాను.

"మా తాత ఫోర్తీనో. మా నాన్న వెన్సెస్లావో. నేను ఫోర్తీనో. మన కొడుకు వెన్సెస్లావో. ఇప్పుడు ఎవరు రావాలి చెప్పు. గొంగడి మీద చారల్లాగ ఎర్రదాని పక్కన నల్లది, నల్లదాని పక్కన ఎర్రది. మధ్యలో ఎవడో వచ్చి పచ్చ చార వేసిపోయాడు."

"పచ్చ బాగానే ఉంటుంది," అంది.

"నీకు అతను ఏం చేసినా బాగానే ఉంటుంది."

"అతను ఏం చేశాడో చూసొచ్చాను కాబట్టి బాగుంది. తిను, చల్లారిపోతుంది."

తిన్నాను. చల్లారిపోయింది.

ఫిబ్రవరి 9

గుడికి వెళ్ళి ఫాదర్ కాసియానోని కలిశాను. దారిలో పోతూ ఊరికే పలకరించినట్టు కలిశాను. మా ఇంటికి గుడి దారిలో రాదని ఆయనకీ తెలుసు.

"పునీతుల పేరు లేకుండా జ్ఞానస్నానం ఇవ్వరు కదా ఫాదర్?"

"పాతకాలంలో పట్టుబట్టేవాళ్ళు. ఇప్పుడు చెడ్డ అర్థం లేకపోతే చాలు. ఎవరికి?"

"మా మనవడికి. వియ్యంకుడు చికావా అని పెట్టాడు."

"అర్థం?"

"గట్టిపడు, బలపడు అని."

ఫాదర్ నవ్వాడు. "అయితే మీ పేరే కదా అది."

"నా పేరు ఫోర్తీనో అండీ."

"ఫోర్తీనో అంటే ఏమనుకున్నారు? లాటిన్‌లో బలం ఉన్నవాడు అని. వియ్యంకుడు మీ పేరుని మీ భాషలోకి తెచ్చి పెట్టినట్టుంది. మంచి మనిషి."

నా పేరుకి అర్థం ఒకటి ఉందని నాకు ఎవరూ చెప్పలేదు. పేరంటే పేరే అనుకున్నాను, ముక్కుకి అర్థం వెతకం కదా.

ఫిబ్రవరి 10

అంటే నా పేరునే ఎత్తుకెళ్ళి, చొక్కా మార్చి, తన పేరని చెప్పి పెట్టాడన్నమాట.

ఫిబ్రవరి 12

వెన్సెస్ ఆస్పత్రి నుంచి బట్టల కోసం వచ్చాడు. గడ్డం పెరిగింది, కళ్ళు గుంటలు పడ్డాయి. కాఫీ ఇస్తే పుచ్చుకోకుండా నిలబడే అడిగాడు.

"పేరు ఆపించమని ఫాదర్ దగ్గరికి వెళ్ళావంట?"

"ఆపించమని కాదు. పద్ధతి ఏమిటో అడిగాను."

"వాడు ఇంకా పెట్టెలోనే ఉన్నాడు నాన్నా. వాడికి ఊపిరి ఉంటుందా లేదా అని మేం చూస్తున్నాం. నువ్వు పద్ధతి చూస్తున్నావు."

"మన ఇంటి పేరు మనవాడికి ఉండాలనుకోవడం తప్పా?"

"ఇదీ మన పేరే. మన భాషది."

"మన భాష గురించి నువ్వు నాకు చెబుతున్నావా?"

"నువ్వు చెప్పలేదుగా. నాకు మావయ్యగారే చెప్పాలి. నువ్వూ అమ్మా మాట్లాడుకుంటూ ఉంటే నేను గదిలోకి రాగానే స్పానిష్‌లోకి మారిపోయేవాళ్ళు. నేనేదో పరాయివాణ్ణయినట్టు."

వాడి బడిలో ఆ భాష మాట్లాడిన పిల్లల్ని ఎండలో నిలబెట్టేవాళ్ళు. వాణ్ణి నిలబెట్టలేదు, వాడికి ఆ భాష రాదు కాబట్టి. ఎవరి వల్ల? అడగాలనుకున్నాను, అప్పటికే వీధిలోకి వెళ్ళిపోయాడు. ఇప్పుడు మామగారి పక్కన కూర్చుని ఒక్కొక్క మాటే దిద్దుకుంటున్నాడట, ముప్ఫై దాటాక, బడిపిల్లాడిలాగ. అతను తప్పు దిద్దితే నవ్వుతాడట. నేను దిద్దితే ఎప్పుడు నవ్వాడు?

కాఫీ నేనే తాగాను.

ఫిబ్రవరి 14

ఒదిలోన్ మా ఇంటికి వచ్చాడు. వట్టి చేతులతో రాడు ఎప్పుడూ. ఒక సీసాడు పుల్కే తెచ్చాడు, తన పొలంలో గీసిన కల్లేనట. నిజం చెప్పాలంటే బాగుంది. అతని ముందు చెప్పలేదు.

"బావగారూ, రేపు వెన్సెస్ పేరు నమోదు చేయిస్తాడు," అన్నాడు. "పిల్లలతో మాట్లాడాను. చికావా ఫోర్తీనో అని రాయిద్దాం. రెండూ ఉంటాయి, మీ మాటా చెల్లుతుంది."

రెండు వారాలుగా నేను కోరుకుంటున్నది అదే. చేతికందేలా తెచ్చి ముందు పెట్టాడు. ఎంత మెత్తగా పెట్టాడంటే, పక్కింటి పిల్లాడికి తినగా మిగిలిన రొట్టె పెట్టినట్టు.

"అక్కర్లేదండీ," అన్నాను.

"ఎందుకు?"

"తోకలాగా వెనకాల వేలాడడానికి కాదు మా తాత పేరు ఉన్నది."

"పోనీ ముందు పెడదాం. ఫోర్తీనో చికావా."

"వద్దన్నాను కదా."

అతను గ్లాసు కింద పెట్టి కాసేపు నా మగ్గం వంక చూశాడు. "మీ ఇష్టం," అన్నాడు. తలుపు దగ్గర నా భుజం మీద చెయ్యి వేశాడు. అదీ నాకు నచ్చలేదు.

అగ్రిపీనా వంటింట్లోంచి అంతా విన్నది. "దున్నపోతు," అంది, మా భాషలో. తర్వాత స్పానిష్‌లో కూడా అంది, ఒకదానిలో వినకపోయినా రెండోదానిలో వింటానని.

ఫిబ్రవరి 15

నమోదయింది. ఒకటే పేరు.

ఫిబ్రవరి 27

పిల్లాణ్ణి ఇంటికి తెచ్చారు. ఇంటికంటే మా ఇంటికి కాదు. మా పై పేట చలి వాడికి పడదట, క్లినిక్ కూడా దూరమట. అందుకని కింద పేటలో ఒదిలోన్ ఇంట్లో ఉంచారు. ఇరాయిస్ తల్లి పోయి చాలా ఏళ్ళయింది కాబట్టి అగ్రిపీనా పొద్దున్నే అక్కడికి పోయి సాయంత్రానికి వస్తోంది. వచ్చాక వాళ్ళ గోడకి సున్నం ఎంత తెల్లగా ఉందో చెబుతోంది.

ఇవాళ నేనూ వెళ్ళాను. పిల్లాడు చొక్కా లేని ఒదిలోన్ ఛాతీ మీద, దుప్పటి కింద, కప్పపిల్లలాగ అతుక్కుని నిద్రపోతున్నాడు. నెలలు తక్కువైన పిల్లల్ని అలాగే ఒంటికి ఆనించుకుని ఉంచాలని ఆస్పత్రిలో చెప్పారట. తండ్రి ఒకసారి, తల్లి ఒకసారి, తాత ఒకసారి. తాత అంటే ఎవరో నన్నెవరూ అడగలేదు.

నా నోరు ఊరుకోలేదు.

"పంతులుగారూ, ఆ మాటకి ఇంకో అర్థం కూడా ఉంది. మర్చిపోయారా? మా నాయనమ్మ వంగిపోయి కర్ర పట్టుకుంటే చికావాక్ అనేవాళ్ళు. ముసలిదైపోయింది అని. పసిగుడ్డుకి ముసలయ్య అని పేరు పెట్టారు."

"మర్చిపోలేదు బావగారూ," అన్నాడు నెమ్మదిగా. "రెండిటికీ మనవాళ్ళకి మాట ఒకటే."

మంచం మీది నుంచి ఇరాయిస్ అంది. ఆ పిల్ల నాకు ఎన్నడూ ఎదురు మాట్లాడలేదు. ఇవాళ కూడా గొంతు పెంచలేదు.

"ముసలివాడే అవ్వాలి మావయ్యా. డాక్టరు మాతో పొద్దుటిదాకా ఏమీ చెప్పలేం అన్నాడు. ఆ తర్వాత మళ్ళీ సాయంత్రం దాకా అన్నాడు. నా కొడుక్కి జుట్టు నెరవాలి. పళ్ళూడాలి. నడుం వంగాలి. మీలాగ ప్రతిదానికీ విసుక్కోవాలి. నాకు అంతకంటే ఏం అక్కర్లేదు."

పిల్లాడు తుమ్మాడు.

నేను టోపీ తీసుకుని ఎత్తెక్కి ఇంటికి వచ్చేశాను.

మార్చి 3

వెళ్ళలేదు.

మార్చి 5

వెళ్ళలేదు. గొంగడి అయిపోయింది. ఎర్ర చార ఒకటి వంకర పోయింది. విప్పి మళ్ళీ నేశాను, మళ్ళీ వంకరే పోయింది.

మార్చి 9

మధ్యాహ్నం అగ్రిపీనా ఆయాసపడుతూ ఎత్తెక్కి వచ్చింది. ఈ వేళప్పుడు ఎప్పుడూ రాదు. మగ్గం తొక్కుతున్నవాణ్ణి లేచి నిలబడ్డాను.

"సబ్బు పెట్టి స్నానం చెయ్యి," అంది.

"ఏమైంది?"

"ఇరాయిస్‌కి రొమ్ము గడ్డకట్టి జ్వరం. వెన్సెస్ మిల్లు పనికి వెళ్ళిపోయాడు, ఇంక సెలవు లేదు. ఒదిలోన్‌గారికి దగ్గు పట్టింది, పిల్లాడి గదిలోకే రావద్దన్నాడు డాక్టరు. నేను దాన్ని చూడాలా, వంట చూడాలా, వీణ్ణి మొయ్యాలా?"

"అయితే?"

"అయితే ఏమిటి. నీ ఛాతీ కావాలి."

అరవై ఏడేళ్ళ వయసులో నా ఛాతీని ఎవరో అడగడం ఇదే మొదటిసారి. స్నానం చేశాను. రెండుసార్లు సబ్బు రుద్దాను, ఉన్ని వాసన పోలేదు.

ఒదిలోన్ కుర్చీలోనే కూర్చోబెట్టారు. చొక్కా విప్పించి, అగ్రిపీనా వాణ్ణి తెచ్చి నా మీద పెట్టి దుప్పటి కప్పింది. బరువు లేదు. వేడి మాత్రం ఉంది. ఇంత చిన్న ఒంట్లో అంత వేడి ఎక్కడిదో. చెవి నా గుండె మీద పెట్టుకుని, చెయ్యి చాపి, నా ఛాతీ మీది నెరిసిన వెంట్రుకల్ని గుప్పెట పట్టుకున్నాడు.

పక్క గదిలోంచి తలుపు వెనక దగ్గు వినిపించింది.

"బావగారూ, తల కాస్త పక్కకి తిప్పి ఉంచండి."

"తెలుసు."

"ముక్కుకి దుప్పటి అడ్డం రాకుండా చూడండి."

"తెలుసంటున్నాను కదా."

"ఊపిరి ఎప్పుడైనా మర్చిపోతాడు. అప్పుడు వీపు రాసి, అరికాలు మీద కొట్టాలి. నర్సు చెప్పింది."

అది నాకు ఎవరూ చెప్పలేదు.

తలుపుకి అవతల అతను, ఇవతల నేను. నాకు బాగుంది. ఎవరూ చదవని చోట రాసుకోవడానికి సిగ్గెందుకు? చాలా బాగుంది.

మార్చి 11

బుడ్డోడా అని పిలుస్తున్నాను. పలుకుతున్నాడు. పలకడం అంటే పెదవి కొంచెం వంకర పోతుంది. ఒదిలోన్‌కి వంకర పోయేదా అని అగ్రిపీనాని అడిగాను. గుర్తులేదంది. పోయి ఉండదు.

మార్చి 13

అక్షరాలు ఎలా వస్తే అలా రానీ.

భోజనాలయ్యాయి. ఇరాయిస్ నిద్రపోతోంది. అగ్రిపీనా పెరట్లో బట్టలు ఉతుకుతోంది. కిటికీలోంచి ఎండ పడుతోంది, వాడు నా మీద ఉన్నాడు, నాకూ కళ్ళు మూతలు పడుతున్నాయి. అంతలో ఏదో తక్కువైనట్టు అనిపించింది. మిల్లులో మర ఆగిపోతే చప్పుడు కాదు, చప్పుడు లేకపోవడం వినిపిస్తుంది చూడండి, అలాగ. దుప్పటి తీశాను. పెదాలు బూడిద రంగులో ఉన్నాయి. గుప్పెట వదులైపోయింది.

వీపు రాశాను. లేదు. అరికాలు మీద వేలితో కొట్టాను. లేదు. అగ్రిపీనా అని పిలవాలి. నోట్లోంచి ఆ పేరు రాలేదు.

"చికావా," అన్నాను. "చికావా. షిమోచికావా, గట్టిపడు నాయనా, చికావా."

మా అమ్మ గొంతు అది. నాలోంచి వచ్చింది కానీ నాది కాదు. కొడుతున్నాను, రాస్తున్నాను, అంటున్నాను. ఎంతసేపో నాకు తెలీదు. తర్వాత వాడు ఎక్కిళ్ళు పెట్టినట్టు ఒకసారి లోపలికి లాగాడు. ఆగాడు. మళ్ళీ లాగాడు. తర్వాత నా మీద ఎంత కోపం వచ్చిందో ఇల్లు ఎగిరిపోయేలా ఏడ్చాడు.

తలుపు వెనక దగ్గు లేదు.

"బావగారూ?" అన్నాడు ఒదిలోన్ చివరికి.

"ఉన్నాడు."

అతను తలుపుకి వీపు ఆనించి నేల మీదికి జారి కూర్చున్న చప్పుడు వినిపించింది. ఏడుస్తున్నాడు, అటువైపు. నేను ఇటువైపు. పిల్లాడు మా ఇద్దరినీ మించి ఏడ్చాడు.

క్లినిక్‌కి తీసుకెళ్ళాం. భయం లేదన్నారు, జాగ్రత్తగా ఉండమన్నారు.

ఒక సంగతి రాసి ఉంచాలి. నేను వాణ్ణి పేరు పెట్టి పిలవలేదు. ఆ మాట అన్నాను, అంతే. రెండూ వేరు.

మార్చి 14

రెండూ వేరు.

మార్చి 23

ఒదిలోన్ దగ్గు తగ్గింది. డాక్టరు సరే అన్నాడు. కాబట్టి మళ్ళీ వంతులు. భోజనం దాకా ఆయనది, తర్వాత నాది. ఇవాళ భోజనం అయి, పళ్ళేలు కడిగి, అగ్రిపీనా కునుకు కూడా తీసింది. ఆయన కదలడు. కళ్ళు మూసుకుని నిద్ర నటిస్తున్నాడు. బడిలో పిల్లలు నటిస్తే పట్టుకునేవాడే కదా, ఎలా నటించాలో తెలుసు.

"పంతులుగారూ, గంట కొట్టారు," అన్నాను.

"వాడు నిద్రపోతున్నాడు బావగారూ. కదిపితే లేస్తాడు."

"నా మీద లేస్తే నా మీదే పడుకుంటాడు. ఇటివ్వండి."

ఇచ్చాడు. పిల్లాడు లేవలేదు. వెచ్చగా ఉన్నాడు, ఆయన వేడితో. అది కాసేపు నచ్చలేదు, తర్వాత మర్చిపోయాను.

చాలా రోజులుగా నోట్లో ఉన్నది అడిగేశాను.

"నిజం చెప్పండి. ఫోర్తీనోకి కూడా అదే అర్థమని తెలిసే పెట్టారా?"

ఆయన చొక్కా బొత్తాలు పెట్టుకుంటూ ఆగిపోయాడు. "అదే అర్థమా?"

"లాటిన్‌లోనట. ఫాదర్ చెప్పాడు."

"నాకు తెలీదు," అన్నాడు. కాసేపాలోచించి, "తెలిసి ఉంటే ఇంకో మాట వెతికేవాణ్ణి," అన్నాడు.

నాకు నవ్వాగలేదు. ఆయనా మొదలుపెట్టాడు. నా పొట్ట కదిలి పిల్లాడు ఉలిక్కిపడ్డాడు, అగ్రిపీనా వచ్చి ఇద్దర్నీ తిట్టింది. ముందు నవ్వింది నేనే.

ఏప్రిల్ 20

జ్ఞానస్నానం. నీళ్ళు పోయగానే చికావా గుడి అంతా వినిపించేలా ఏడ్చాడు. గొంతు మా వైపుది.

మే 15

వెన్సెస్ వాళ్ళు పిల్లాణ్ణి మా ఇంటికి తెచ్చారు, వానలు పడేదాకా ఇక్కడే ఉంటారు. ఒదిలోన్ రోజూ వ్యాన్ వేసుకుని వస్తున్నాడు, పెట్రోలు ఎక్కడిదో. సాయంత్రం వెన్సెస్ పిల్లాడితో మా భాషలో మాట్లాడుతూ ఒక మాట తప్పు పలికాడు. నేను దిద్దాను. ఒదిలోన్ కూడా దిద్దబోయాడు కానీ నా తర్వాతే. వెన్సెస్ నవ్వుతూ, "మళ్ళీ అను నాన్నా," అన్నాడు. మళ్ళీ అన్నాను.

అంతకుముందు పొద్దున సంతకి వెళ్ళాం. వాణ్ణి శాలువాలో కట్టి నా ఛాతీకి వేలాడదీసింది అగ్రిపీనా. బుగ్గలు వచ్చాయి, మెడ ఎత్తబోతున్నాడు, కోడి కూసినప్పుడల్లా అటు కళ్ళు తిప్పుతున్నాడు. ఉన్ని రంగులు అమ్మే ఆవిడ తక్కెడ పక్కన పెట్టి వాడి గడ్డం పట్టుకుంది.

"ఏం పేరయ్యా బంగారానికి?"

"చికావా."

"మన మాటే పెట్టారే. మా వీధిలో ఎవరిని చూసినా బ్రాయన్, కెవిన్. మా అమ్మమ్మ అనేది ఆ మాట, దూడలకి. ఎవరు పెట్టారు?"

అగ్రిపీనా నోరు తెరిచింది.

"వాళ్ళ తాత," అన్నాను.

ఆవిడ నన్ను కిందినుంచి పైదాకా చూసింది. "పెద్దమనిషివి," అంది.

నేను కాదనలేదు. అగ్రిపీనా ఇంటిదాకా నా ముందే నడిచింది. ఒక్కసారి కూడా వెనక్కి తిరగలేదు. భుజాలు మాత్రం నవ్వాపుకుంటున్నట్టు దారి పొడుగునా కదులుతూనే ఉన్నాయి.